అప్‌డేట్: ముట్టు ఆచారంపై తీసిన మా సినిమా ఓటీటీకి చేరింది

నెలసరిలో ఆడపిల్లను గడప బయట కూర్చోబెట్టే ఆచారంపై బొబ్బిలి దగ్గర తీసిన మా చిన్న సినిమాను ఓటీటీకి ఎలా చేర్చాలని మార్చిలో అడిగాను. సలహాలిచ్చిన అందరికీ కృతజ్ఞతలు. నేరుగా మెయిళ్లు పంపడం మాని అగ్రిగేటర్ (సినిమాలను ఓటీటీ వేదికలకు చేర్చే మధ్యవర్తి సంస్థ) ద్వారా వెళ్లమన్న సలహాయే పనిచేసింది.

అయితే అసలు అడ్డంకిని విజయనగరంలో ఒక న్యాయవాది కాగితాలు తిరగేసి పట్టుకున్నారు: చివరి దృశ్యంలోని తప్పెటగుళ్ల (ఉత్తరాంధ్ర జానపద కళ) పాట తరతరాలదే అయినా, ఆ ప్రదర్శనపై హక్కు పాడినవారిదే కనుక వారి రాతపూర్వక అనుమతి తప్పనిసరి. బృందం గురువుగారు రొమ్మున కట్టుకున్న తప్పెట విప్పి పక్కన పెట్టి, స్టాంపు కాగితంపై సంతకం చేశారు.

సెన్సార్ పత్రం కోసం నేను పడ్డ బెంగ అనవసరం. 2021 ఐటీ (సమాచార సాంకేతికత) నిబంధనల ప్రకారం వయోవర్గీకరణ ఓటీటీ వేదికే చేసుకుంటుంది. ముట్టు గురించిన సినిమా అనే ఓటీటీ వేదికలు తిరస్కరించాయన్న నా అనుమానమూ తప్పే. సబ్‌టైటిళ్లలో మాత్రం ‘బయట కూర్చుంది’ అన్నదాన్ని మక్కికిమక్కి అనువదించడంతో మళ్లీ రాయించవలసి వచ్చింది.