బాపు కిడ్నీలో సిస్ట్ ఉందన్నారు, సీటీ తీయించమన్నారు. ఏం చేయాలి?

పత్తిచేను, నర్సంపేట:
అందరికీ నమస్కారం. మా బాపుకు 61 ఏళ్లు. నెల రోజులుగా అన్నం తిన్నాక పొట్ట పైభాగంలో, కుడివైపు నొప్పి వస్తోంది. గ్యాస్ అనుకుని గోళీలు వేసుకుంటూ నెట్టుకొచ్చాడు. మొన్న సోమవారం హన్మకొండ తీసుకొచ్చి అల్ట్రాసౌండ్ చేయించాను. రిపోర్టులో ఉన్నది ఉన్నట్టు రాస్తున్నా: లివర్ నార్మల్. గాల్‌బ్లాడర్‌లో 9 మి.మీ. రాయి. కుడి కిడ్నీ పైభాగంలో 4.2 × 3.8 సెం.మీ. సిస్ట్, లోపల సన్నని సెప్టేషన్ ఒకటి. ఎడమ కిడ్నీ నార్మల్. కాంట్రాస్ట్ సీటీతో సరిచూసుకోవాలి.

ఊళ్లో ఆర్‌ఎంపీకి చూపిస్తే "గడ్డ లెక్కుంది, లేట్ చేయకుండ్రి" అన్నాడు. ఆ మాట చెవిన పడ్డప్పటి నుంచి అమ్మకు నిద్ర లేదు. మేనమామ వెంటనే హైదరాబాద్ తీసుకుపొమ్మంటున్నాడు. బాపేమో పత్తి ఏరుడు అయ్యేదాకా ఎక్కడికీ రానని మొండికేశాడు. షుగర్ ఉంది, మెట్‌ఫార్మిన్ వాడతాడు. కిడ్నీల పనితీరు చూసే రక్తపరీక్షలో క్రియాటినిన్ 1.3. నాలుగు సెంటీమీటర్లంటే పెద్దదేనా? సీటీ తప్పదా? తెలిసినవాళ్లు చెప్పండి, ఫుల్ టెన్షన్‌లో ఉన్నాం.

జనగామ బస్టాండ్:
అన్నా, కొండపిండి ఆకు కషాయం నలభై రోజులు పరగడుపున తాగించు. మా బావకు కిడ్నీలో రాయి పడిపోయింది.

సీటీ గది, రిటైర్డ్:
జనగామ తమ్ముడూ, రాయి వేరు, సిస్ట్ వేరు. సిస్ట్ అంటే నీళ్లు నిండిన తిత్తి. కషాయంతో కరిగేది కాదు. అందులోనూ క్రియాటినిన్ అంచున ఉన్న మనిషికి ఆకు పసర్లు పోయొద్దు.

నర్సంపేట తమ్ముడికి వివరంగా చెప్తాను. నేను డాక్టర్‌ను కాను. ఎక్స్‌రే, సీటీ గదుల్లో ముప్పై ఏళ్లు పనిచేసి రిటైరయ్యాను. వైద్యం చెప్పను, ఫిల్మ్‌లో ఏం చూస్తారో చెప్తాను.

ముందుగా సైజు గురించి. నాలుగు సెంటీమీటర్లని అందరూ బెదురుతారు గానీ, సిస్ట్‌ను సైజును బట్టి మంచిదనీ చెడ్డదనీ తేల్చరు. పది సెంటీమీటర్ల సిస్ట్ మోసుకుంటూ మిర్చి బస్తాలెత్తే హమాలీని చూశాను, అతనికి ఏమీ కాలేదు. రెండు సెంటీమీటర్లదే ఆపరేషన్ దాకా పోయిన కేసూ చూశాను. చూడాల్సింది గోడ ఎంత మందం ఉంది, లోపల అడ్డుపొరలు (మీ రిపోర్టులో సెప్టేషన్ అన్నది ఇదే) ఎన్ని ఉన్నాయి, వాటికి రక్తం అందుతోందా అన్నది. వయసు పైబడిన వాళ్ల కిడ్నీల్లో మామూలు సిస్టులు చాలా సాధారణం. వేరే దేనికో స్కాన్ చేస్తే బయటపడతాయి, మీ బాపుకు పడ్డట్టే.

అల్ట్రాసౌండ్ ప్రింటు చేతిలో ఉంటే ఇప్పుడే తీసి చూడు. సిస్ట్ నల్లగా, గుండ్రంగా ఉంటుంది. ఈ చివర ఆ చివర చిన్న ప్లస్ గుర్తులు, మధ్యలో చుక్కల గీత. అది కొలత. సిస్ట్ వెనకాల ఉన్న భాగం చుట్టుపక్కల కన్నా తెల్లగా మెరుస్తోందా? నీళ్లలోంచి స్కాన్ శబ్దం పెద్దగా తగ్గకుండా దాటుతుంది కాబట్టి అవతలి వైపు అలా వెలుగుతుంది. రాయి దీనికి రివర్స్, దాని వెనక నల్లటి నీడ పడుతుంది. మీ గాల్‌బ్లాడర్ ఫొటో పక్కన పెట్టి చూస్తే తేడా నీకే తెలుస్తుంది. లోపల పూర్తిగా నలుపు, గోడ పలచన, వెనకాల వెలుగు, ఈ మూడూ కుదిరితే అది మామూలు సిస్ట్. కథ అక్కడితో అయిపోతుంది, సీటీ కూడా అక్కర్లేదు. మీ దాంట్లో ఒక అడ్డుపొర కనిపించింది కాబట్టి సీటీ అడిగారు. అంతే తప్ప క్యాన్సర్ అని ఎవరూ రాయలేదు. అమ్మకు ఈ ముక్క ముందు చెప్పు.

సీటీలో ప్రతి చోటుకూ ఒక నంబర్ వస్తుంది. హౌన్స్‌ఫీల్డ్ యూనిట్ అంటారు, సీటీ కనిపెట్టినందుకు 1979లో నోబెల్ అందుకున్న ఇద్దరిలో ఒకరి పేరు. నీళ్లకు సున్నా, గాలికి మైనస్ వెయ్యి. మామూలు సిస్ట్ సున్నాకు అటూ ఇటూగా, 20 లోపు ఉంటుంది. కాంట్రాస్ట్ అంటే రక్తం ఎక్కడికి అందుతోందో ఫిల్మ్‌లో కనిపించేలా నరంలోకి ఎక్కించే మందు. అది ఎక్కించక ముందు ఒకసారి (దీన్నే ప్లెయిన్ అంటారు), ఎక్కించాక ఒకసారి సిస్ట్ లోపల చిన్న వలయం గీసి నంబర్ చదువుతారు. మొదటి నంబర్ మీద 20 లేదా అంతకన్నా ఎక్కువ పెరిగితే అక్కడికి రక్తం అందుతోందని, అంటే అది ఉత్త నీళ్లు కాదని. పెరిగింది పది లోపే అయితే లెక్కలోకి రాదు. పెరిగింది పది, ఇరవై మధ్య ఉంటే అప్పుడు ఎంఆర్ఐ అంటారు.

ఇదంతా చూసి రిపోర్టు చివర బోస్నియాక్ అని ఒక తరగతి వేస్తారు. న్యూయార్క్ రేడియాలజిస్ట్ మోర్టన్ బోస్నియాక్ 1986లో పెట్టిన పద్ధతి, 2019లో సవరించారు. ఒకటి అంటే మామూలు తిత్తి. పలచని పొరలు ఒకటి నుంచి మూడు దాకా ఉంటే రెండు. ఈ రెండు తరగతులకూ మళ్లీ మళ్లీ స్కాన్లు అక్కర్లేదు. పొరలు నాలుగో అంతకన్నా ఎక్కువో ఉన్నా, గోడ 3 మి.మీ. మందమున్నా 2ఎఫ్. ఎఫ్ అంటే ఫాలో అప్. ఆరు నెలలకు, ఏడాదికి, ఆ తర్వాత ఏటా ఒకసారి చొప్పున ఐదేళ్ల దాకా చూస్తారు. గోడ 4 మి.మీ. లేదా అంతకన్నా మందమున్నా, గరుకుగా ఉన్నా మూడు. అందులో సుమారు సగం క్యాన్సర్‌గా తేలతాయి. కాంట్రాస్ట్ పీల్చుకునే కండలాంటి ముద్ద ఉంటే నాలుగు. దాన్ని యూరాలజిస్ట్ (కిడ్నీ ఆపరేషన్లు చేసే డాక్టర్) వదిలిపెట్టడు.

కాజీపేట రైల్వే క్వార్టర్స్:
అన్న చెప్పినదానికి నా అనుభవం కలుపుతున్నా. పోయిన ఏడాది నాకు ఒక స్కానింగ్ సెంటర్‌లో నేరుగా కాంట్రాస్ట్ ఇచ్చి ఒకేసారి తీసి పంపేశారు. యూరాలజిస్ట్ ఫిల్మ్ లైటుకు పెట్టి చూసి "ప్లెయిన్ ఏది?" అన్నారు. ముందు నంబర్ లేకపోతే పెరిగిందో లేదో ఎట్లా తెలుస్తుంది? మళ్లీ డబ్బులు, మళ్లీ రేడియేషన్, మళ్లీ సూది. కౌంటర్‌లో "మొత్తం పొట్ట సీటీ" అని రాస్తుంటే ఆపి, "కిడ్నీ సిస్ట్ కోసం, ప్లెయిన్ ప్లస్ కాంట్రాస్ట్" అని గట్టిగా చెప్పండి. సీడీ కూడా అడిగి తీసుకోండి. ఎండాకాలం బండి డిక్కీలో పెట్టి నా ఫిల్ములు ఒకదానికొకటి అతుక్కుపోయాయి.

భూపాలపల్లి అక్క:
తమ్ముడూ, ఎవరైనా సూదితో నీళ్లు లాగేద్దామంటే ఎందుకని అడుగు. మా ఆయనకు ఏ నొప్పీ లేకున్నా ఒకచోట లాగేశారు. ఐదు నెలలకు మళ్లీ అంతే నిండింది. రెండో డాక్టర్ చెప్పిందేమంటే, సిస్ట్ వల్ల నొప్పి, ఇన్‌ఫెక్షన్, మూత్రానికి అడ్డం లాంటివి ఉంటేనే ముట్టుకోవాలట. ఉత్తగా లాగితే మళ్లీ ఊరుతుందట, అవసరమైతే లాగి లోపల మందు ఎక్కించి గోడలు అతుక్కునేలా చేస్తారట.

ఇంకో డౌట్. మా ఆడపడుచుకు రెండు కిడ్నీల్లోనూ బోలెడు సిస్టులు, వాళ్ల అమ్మ డయాలసిస్ మీద ఉండి పోయింది. అది కూడా ఇదేనా?

సీటీ గది, రిటైర్డ్:
కాదక్కా, అది పాలిసిస్టిక్ కావచ్చు, వంశంలో వచ్చేది. దానికి బోస్నియాక్ లెక్క వాడరు. ఆమెను నెఫ్రాలజిస్ట్‌కు చూపించండి, బీపీ చూపించండి. మీ ఆయనకు కూడా ఒక అల్ట్రాసౌండ్ చేయించండి, ఆయనకున్నది ఒక్కటేనా ఎక్కువున్నాయా తెలియాలి. తల్లి ఒకరే కదా.

పత్తిచేను, నర్సంపేట:
అన్నా, చదివి వినిపిస్తే అమ్మ ఈ పూట అన్నం తిన్నది. శుక్రవారానికి సీటీ రాయించుకున్నాం. షుగర్ గోళీ ఆపాలా? ఆ ఇంజెక్షన్‌తో కిడ్నీలు పోతాయని ఎవరో అన్నారు.

సీటీ గది, రిటైర్డ్:
క్రియాటినిన్ ఒక్కటే చూడరు, వయసుతో కలిపి ఈజీఎఫ్ఆర్, అంటే కిడ్నీలు ఎంత బాగా వడగడుతున్నాయో లెక్క కడతారు. 1.3కి, 61 ఏళ్ల మగమనిషికి అది 60 దగ్గర వస్తుంది. 30 కన్నా తక్కువ ఉన్నవాళ్లకే కాంట్రాస్ట్‌తో అసలు జాగ్రత్త. మెట్‌ఫార్మిన్ విషయంలోనూ అంతే. అయినా చాలా సెంటర్లలో అందరికీ 48 గంటలు ఆపమనే చెప్తారు. ఆపమంటే, ఆ రెండు రోజులు ఏం వాడాలో షుగర్ డాక్టర్‌ను అడుగు, సొంతంగా ఆపొద్దు. ఇంతకుముందు ఏ ఇంజెక్షన్‌కైనా దద్దుర్లు వచ్చాయా, ఆయాసం ఉందా, ఇవి గదిలోకి పోకముందే చెప్పాలి.

బాపుకు ఇంకో మాట ముందే చెప్పు. మందు ఎక్కగానే గొంతు నుంచి కింద దాకా వెచ్చగా పాకుతుంది, మూత్రం పోసుకున్నట్టే అనిపిస్తుంది. పోసుకోరు. నా సర్వీసులో ఎంతమంది పెద్దమనుషులు సిగ్గుపడి బల్ల మీద కదిలిపోయి స్కాన్ పాడు చేశారో లెక్కలేదు.

సరే గానీ, ఇన్ని మెసేజ్‌లు అయ్యాయి, మీ రిపోర్టులో రెండో లైను మళ్లీ చదివావా? తిన్నాక కుడివైపు నొప్పి అంటున్నావు, గాల్‌బ్లాడర్‌లో 9 మి.మీ. రాయి అని రాసి ఉంది. సిస్ట్ అన్న మాట చూసి అందరూ దాన్ని మరిచిపోయారు. ఒక జనరల్ సర్జన్‌కు చూపించు.

పత్తిచేను, నర్సంపేట (తొమ్మిది రోజుల తర్వాత):
అన్నా, రిపోర్టు వచ్చింది. సిస్ట్ 4.1 సెం.మీ. ప్లెయిన్‌లో నంబర్ 9, కాంట్రాస్ట్ తర్వాత 13. పలచని పొర ఒకటే. బోస్నియాక్ 2. యూరాలజిస్ట్ రెండు నిమిషాలు చూసి "దీని జోలికి పోవద్దు" అన్నారు. బాపు మాత్రం బల్ల మీద ఒంటికి పోసుకున్నానని ఇప్పటికీ నమ్ముతున్నాడు.

నువ్వు చెప్పినట్టే సర్జన్ దగ్గరికి పోయాం. నొప్పి గాల్‌బ్లాడర్ రాయిదే అన్నారు, ఆపరేషన్ చేసి గాల్‌బ్లాడర్ తీసేయాలట. పత్తి రెండో ఏరుడు అయ్యాక పెట్టుకుందామని బాపు ఆయనతోనే బేరం ఆడాడు. జ్వరం వచ్చినా, కళ్లు పచ్చబడ్డా, నొప్పి గంటల తరబడి తగ్గకపోయినా ఆ రోజే రావాలని కాగితం మీద రాసి ఇచ్చారు. ఆ కాగితం అమ్మ దగ్గర పెట్టాను.

సీటీ గది, రిటైర్డ్:
అమ్మ దగ్గర పెట్టావు, మంచి పని చేశావు. సర్జరీకి పోయేటప్పుడు సీటీ సీడీ కూడా వెంట తీసుకుపో, మత్తు డాక్టర్ కిడ్నీ గురించి అడుగుతారు. ఫిల్ములు మడత పెట్టకు, డిక్కీలో అస్సలు పెట్టకు.