పగటి నిద్రని ఎడిటింగ్‌లో ఎలా చూపించాలి?

కొత్త ఎడిటర్, వైజాగ్:
ఆరు నిమిషాల షార్ట్ ఫిల్మ్, డైలాగుల్లేవు. పోర్టులో నైట్ షిఫ్ట్ దిగినతను మల్కాపురంలో అద్దెగదికొచ్చి పొద్దున 8కి పడుకుంటాడు. అంతా సెకనుకి 25 ఫ్రేముల్లో తీశాం. నిద్ర పట్టే చోట 40 శాతానికి స్లో చేసి డిజాల్వులు (ఒక షాట్ కరుగుతూ ఇంకోటి తేలడం) వేస్తే పెళ్లి వీడియోలా తయారైంది. ఆప్టికల్ ఫ్లో (మధ్య ఫ్రేముల్ని సాఫ్ట్‌వేరే ఊహించి కల్పించడం) పెడితే సీలింగ్ ఫ్యాన్ రెక్కలు చిరిగిపోతున్నాయి. ఏం మార్చమంటారు?

సౌండ్ టేబుల్ (మొదటి జవాబు):
సౌండ్ నుంచి మొదలుపెట్టండి. వీధి ట్రాక్ వాల్యూమ్ తగ్గించొద్దు. లో-పాస్ ఫిల్టర్ (ఒక హద్దు పైనున్న సన్నటి శబ్దాల్ని కోసేది) వేసి ఆ హద్దుని, అంటే కటాఫ్‌ని, 20 సెకన్లలో 12,000 హెర్ట్జ్ నుంచి 500కి దించండి. హల్లుల పదును ఎక్కువగా 2,000 పైనే ఉంటుంది కాబట్టి, కూరగాయల బండతని కేకలో మాటలు పోయి రాగం మిగులుతుంది. వినపడుతుంది గానీ అర్థం కాదు, మగతంటే అదే. మీకక్కడ ఓడ హారన్ కూడా దొరుకుతుంది. 200 మీటర్లు, ఆపైన పొడవున్న ఓడలకి దాని ఫ్రీక్వెన్సీ 70-200 హెర్ట్జ్ మధ్య ఉండాలన్నది అంతర్జాతీయ నిబంధన. అంటే ఫిల్టర్‌ని దాటుకుని వచ్చేస్తుంది. చివరి శబ్దంగా అదే ఉంచండి. మెలకువ వచ్చేటప్పుడు ఫిల్టర్‌ని ఒక్క ఫ్రేములో తీసేయాలి. రివర్బ్ (ప్రతిధ్వని ఎఫెక్ట్) మాత్రం వద్దండి, వింటూనే కల సీన్ అనుకుంటారు.

టైమ్‌లైన్:
ఫ్యాన్ సంగతి: 25లో తీసింది 40 శాతానికి లాగితే సగానికి పైగా ఫ్రేములు సాఫ్ట్‌వేర్ కల్పించినవే. మూడు రెక్కలూ ఒకేలా, పైగా బ్లర్‌గా ఉంటాయి. ఏది ఎటు కదిలిందో దానికి తెలియదు. మళ్లీ తీసే వీలుంటే సెకనుకి 50 ఫ్రేములు, షటర్ 1/100 సెకను పెట్టి సగానికి మాత్రమే స్లో చేయండి. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ట్యూబ్‌లైట్ మినుకు కూడా రాదు. వీల్లేకపోతే ఇంటర్‌పొలేషన్ (ఆ ఫ్రేముల కల్పన) ఆపేసి ఒక్కో ఫ్రేముని మూడుసార్లు రిపీట్ చేయండి. ఆ తడబాటు మూతలు పడే కళ్లకి బాగా నప్పుతుంది.

కట్ టు బ్లాక్:
అసలు స్లో ఎందుకు? నిద్రపోయేవాడికి కాలం నెమ్మదించదు, మధ్యలో ముక్క ఎగిరిపోతుంది. నల్ల ఫ్రేములు 4, తర్వాత 9, తర్వాత 20 వేస్తూ మధ్య బొమ్మల్ని కురచ చేయండి. ఉలికిపాటు పెడితే ఇక్కడే పెట్టాలి, అది నిద్ర పట్టే క్షణాల్లోనే వస్తుంది. ఆపైన డిజాల్వు లేకుండా నేరుగా మధ్యాహ్నానికి కట్: అదే ఫ్రేము, గోడ మీద ఎండ మాత్రం లేదు. ఆ రెండు షాట్లకీ ట్రైపాడ్ కదపొద్దు, ఎక్స్‌పోజర్, వైట్ బ్యాలెన్స్ మాన్యువల్‌లో లాక్ చేయండి. ఆటోలో ఉంటే మీక్కావాల్సిన తేడానే కెమెరా చెరిపేస్తుంది. నలుపులోకి ఫేడ్ ఏదైనా ఉంచితే కాస్త గ్రెయిన్ (ఫిల్మ్ మీదుండే సన్నటి చుక్కల్లాంటిది) కలపండి, లేదంటే యూట్యూబ్ కంప్రెషన్‌లో చారలు పడతాయి.