గ్రేస్ నికల్స్ కవితలో మొలిచిన కొత్త నాలుక: ఓదార్పా, వాస్తవమా?

అనువాదకురాలు:
దక్షిణ అమెరికాలోని గయానాలో 1950లో పుట్టి, 1977లో బ్రిటన్‌కు వెళ్లి స్థిరపడిన గ్రేస్ నికల్స్ తొలి కవితా సంపుటి ‘ఐ ఇజ్ ఎ లాంగ్ మెమరీడ్ ఉమన్’ 1983లో వెలువడి కామన్వెల్త్ కవితా బహుమతి పొందింది. ఆఫ్రికా నుంచి బానిసగా తరలించబడిన స్త్రీ గొంతుతో సాగే ఆ సంపుటి ఒక చిన్న కవితతో ముగుస్తుంది. సముద్రం దాటి నాలుక పోగొట్టుకున్నాననీ, పాతదాని వేరులోంచే కొత్తది మొలిచిందనీ దాని భావం. ఇంగ్లీషులో ‘టంగ్’ అన్న మాటకు నాలుక, భాష అని రెండర్థాలున్నాయి. తెలుగులో ఏదో ఒకటి వదులుకోక తప్పదు. అంతకన్నా పెద్ద చిక్కు ఏమిటంటే, కొరడా కింద పోయిన భాషను ఆ చివరి పాదం మరీ తేలికగా మరిపిస్తోందని నా అభ్యంతరం. మీరేమంటారు?

అనకాపల్లి పాఠకుడు:
నేను ఏకీభవించలేను. మా వైపు చెరకు నరికాక మోళ్లను అలాగే ఉంచితే పిలకలు వేసి మళ్లీ తోటవుతుంది. దాన్ని కార్శి అంటాం. నికల్స్ చెప్పే స్త్రీ పనిచేసింది కూడా చెరకు తోటల్లోనే కనుక, ఆమె నోట ఈ పోలిక అతకదని ఎవరూ అనలేరు. సంపుటి పేరులోనే ‘ఐ’ తరువాత ‘యామ్’కు బదులు ‘ఇజ్’ వస్తుంది. ఇంగ్లీషు పదాలతో అక్కడ పుట్టిన మిశ్రమ భాష గయానా క్రియోలీజ్‌లో గతాన్ని చెప్పడానికి క్రియ రూపాన్ని మార్చకుండా దాని ముందు ‘బిన్’ చేరుస్తారు. ఇటువంటి అమరికలకు పశ్చిమ ఆఫ్రికా భాషల్లో పోలికలు ఉన్నాయని భాషావేత్తలు చూపించారు. పదాలు యజమానివే కావచ్చు గానీ, వాటిని కూర్చిన తీరులో పాత వేరు కనిపిస్తుంది.

చరిత్ర విద్యార్థి:
కార్శిలో సాధారణంగా దిగుబడి తగ్గుతుందని కూడా చెప్పవలసింది, అన్నగారూ. అదే గయానాలో, డచ్చివారి తోటల్లో, నైజర్ డెల్టాకు చెందిన ఇజో మాటలు విరివిగా కలిసిన బెర్బీస్ డచ్ అనే భాష పుట్టింది. దాన్ని మాట్లాడిన చివరివారు ఈ శతాబ్దం ఆరంభంలో కన్నుమూశారు. అంటే మొలిచిన నాలుక కూడా ఎండిపోయింది. మన సంగతే చూడండి: 1838 నుంచి 1917 వరకు గయానాకు ఒప్పంద కూలీలుగా వెళ్లినవారిలో మద్రాసు రేవులో ఓడెక్కిన తెలుగువారూ ఉన్నారు. మారిషస్‌లో ఉగాది నేటికీ ప్రభుత్వ సెలవు దినం కాగా, గయానాలో వారి మనుమల నోట తెలుగు నిలవలేదు. ‘మొలిచింది’ అన్న మాట ఎవరికి వర్తిస్తుందో అడగాలి.

అనువాదకురాలు:
మీ ఇద్దరి మాటలూ నన్ను నికల్స్ మరో కవిత వైపు మళ్లించాయి. 1987 అక్టోబరులో దక్షిణ ఇంగ్లండును తుపాను కుదిపేసినప్పుడు, అక్కడ ఉంటున్న కరీబియన్ స్త్రీ ఆ గాలిని పశ్చిమ ఆఫ్రికాలోని యోరుబా జాతి దేవతలైన ఓయా, షాంగోల పేర్లతో పిలుస్తుంది. భాష పోయినా దేవతల పేర్లు సముద్రాన్ని రెండుసార్లు దాటాయి, ఒకసారి బానిసల నోట, మరొకసారి వలస వెళ్లినవారి నోట. చివరికి ఆమె భూమి ఎక్కడైనా భూమేనని అంటుంది గానీ, అంతకుముందు చెట్లు వేళ్లతో సహా కూలడాన్ని చూడకుండా ఆ మాట అనదు. కనుక ఆమె దుఃఖాన్ని తుడిచేసిందన్న నా ఆరోపణను వెనక్కి తీసుకుంటున్నాను. బెర్బీస్ ప్రశ్న మాత్రం అలాగే ఉంది. అనువాదంలో ‘నాలుక’ను ఉంచి, ‘మొలిచింది’ తీసేసి ‘మోడు పిలక వేసింది’ అని రాసి చూస్తాను. దిగుబడి సంగతి చెరకు ఎరిగిన పాఠకుడికి ఎలాగూ తెలుసు.