ఆలస్యం పిటిషన్ బత్తా కట్టలేదని కొట్టేశారు, అప్పీల్‌కి దారి ఉందా?

పెందుర్తి పాఠకుడు:
నమస్కారమండీ. పెందుర్తిలో ఇంటిస్థలం స్వాధీనం దావాలో ప్రతివాది ఓడిపోయారు. విశాఖ జిల్లా కోర్టులో అప్పీల్ ఆలస్యంగా వేశారు, దాంతోపాటు ఆలస్యాన్ని మాఫీ చేయమని లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 పిటిషన్ పెట్టారు. నోటీసు పంపే ఖర్చు, అంటే బత్తా, కట్టలేదని ఆ పిటిషన్ పోయింది. అప్పీల్ ఇంకా ఎస్.ఆర్. దశలోనే ఉంది, అంటే కాగితాలు అందాయిగానీ నంబరు పడలేదు. అవతలివాళ్లు డిక్రీ అమలుకి ఈపీ వేసేశారు. ఇప్పుడు హైకోర్టుకి వెళ్లాలా?

సివిల్ సైడ్:
హైకోర్టు మాట తర్వాత. ముందు ఆ ఉత్తర్వు కాపీకి ఈరోజే దరఖాస్తు పెట్టించి, డాకెట్‌లో (కోర్టు వాయిదాల నమోదులో) చివరి పంక్తులు చదవండి. బత్తా కట్టనందున కొట్టివేయడమైనదని మాత్రమే ఉంటే అది డిఫాల్ట్ ఉత్తర్వు. ఆలస్యానికి చూపిన కారణం నిలుస్తుందో లేదో జడ్జిగారు ఇంకా తేల్చలేదన్నమాట. కొట్టేసినదాన్ని మళ్లీ తెరవమనే పునరుద్ధరణ పిటిషన్ అదే కోర్టులో వేయాలి. నంబరు పడ్డ అప్పీల్ డిఫాల్ట్‌లో పోతే సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) ఆర్డర్ 41 రూల్ 19. ఇక్కడ పోయింది ఐ.ఏ. (మధ్యంతర పిటిషన్) కనుక కోర్టు సహజ అధికారాల సెక్షన్ 151 కూడా కలిపి వేయించండి.

లిమిటేషన్ చట్టం ఆర్టికల్ 122 కింద అప్పీల్ పునరుద్ధరణకి 30 రోజులు, అదీ కొట్టేసిన తేదీ నుంచి. పార్టీకి తెలిసిన తేదీ నుంచి కాదు. ఇది ఐ.ఏ.కి వర్తిస్తుందా అన్న వాదనలోకి దిగకుండా ఆ 30 రోజుల్లోనే వేసేయడం క్షేమం. అవతలివాళ్ల సరైన చిరునామాలు, బత్తా పిటిషన్‌తోపాటే సిద్ధంగా ఉండాలి. మళ్లీ అదే లోపం కనిపిస్తే కోర్టు కనికరించదు.

విచారించి కారణం చాలదని కొట్టేస్తే మాత్రం అప్పీల్ కూడా దాంతోనే పోతుంది. అలాంటి కొట్టివేత డిక్రీయేనని సుప్రీంకోర్టు 2004లో చెప్పింది. అప్పుడు సీపీసీ సెక్షన్ 100 కింద 90 రోజుల్లో హైకోర్టుకి రెండో అప్పీల్.

కాపీ సెక్షన్:
అప్పీల్ ఎన్ని రోజులు ఆలస్యమో ఆ లెక్క మళ్లీ ఒకసారి వేయండి. చాలామంది తప్పేది అక్కడే. తీర్పు కాపీ వెనక ముద్రలో దరఖాస్తు తేదీ, చార్జీలు అడిగిన తేదీ, కట్టిన తేదీ, కాపీ సిద్ధమైన తేదీ, ఇచ్చిన తేదీ ఉంటాయి. గడువు లెక్కలోంచి మినహాయింపు దొరికేది సిద్ధమైన తేదీ వరకే.

తీర్పు జూన్ 10, దరఖాస్తు జూన్ 20, చార్జీలు అడిగిన రోజే కట్టారు, కాపీ జూలై 15న సిద్ధమైంది, జూలై 22న తీసుకున్నారు అనుకుందాం. మినహాయింపు 26 రోజులు, అప్పీల్ గడువు 30 రోజులకి కలిపితే 56, అంటే ఆఖరి తేదీ ఆగస్టు 5. తీసుకున్న తేదీ దాకా లెక్కేసి ఆగస్టు 12న దాఖలు చేస్తే 7 రోజులు ఆలస్యం. చార్జీలు ఆలస్యంగా కడితే ఆ రోజులూ మీ మీదే పడతాయి. ఇంకొకటి, డిక్రీ రాయడానికి కోర్టుకి పట్టిన రోజులు దరఖాస్తు పెట్టాకే మినహాయింపులోకి వస్తాయి. అందుకే తీర్పు చెప్పిన రోజే దరఖాస్తు పెట్టేయాలి.

పెందుర్తి పాఠకుడు:
డాకెట్ చూశాం. బత్తా మాట తప్ప ఇంకేమీ లేదు. ఈలోగా ఈపీ మీద స్టే వస్తుందా?

సివిల్ సైడ్:
రాదండీ. ఆలస్యం పిటిషన్ తేలి, రూల్ 11 కింద ప్రాథమికంగా విన్నాక అప్పీల్ వింటామని కోర్టు నిర్ణయించేదాకా స్టే ఇవ్వకూడదని ఆర్డర్ 41 రూల్ 3ఏ చెబుతోంది. కాబట్టి పునరుద్ధరణ వాయిదా ముందుకు జరపమని విడిగా పిటిషన్ వేయండి. ఈపీలో హాజరై కౌంటరు వేసి, ఇది పెండింగ్‌లో ఉందని గడువు అడగండి. ఇవ్వాలని నిర్బంధం లేదు. అయినా అక్కడ ఎక్స్‌పార్టీ (మీరు లేకుండానే ఉత్తర్వు) కాకుండా చూసుకోవడం ముఖ్యం.

అఫిడవిట్ గురించి కూడా చెప్పాలి. అనారోగ్యం అని ఒక్క మాట రాసి వదిలేయకండి. గడువు లోపలే మొదలైన కారణం కావాలి. గడువు దాటాక వచ్చిన జబ్బు పనికిరాదు. కేజీహెచ్ ఆసుపత్రిలో చేరి ఉంటే డిశ్చార్జ్ కాగితం జతచేసి, ఇంటికి వచ్చాక దాఖలయ్యేదాకా గడిచిన రోజులకీ విడిగా కారణం రాయండి. తెలుగుగంగ భూసేకరణ కేసులో 5,659 రోజుల ఆలస్యాన్ని మాఫీ చేయడానికి 2024 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. అంత దూరం కాకపోయినా, మధ్యలో వివరణ లేని నెల కనిపిస్తే ఎదుటి వకీలు దాన్నే పట్టుకుంటారు.