యుద్ధంలో నలిగిన ఆడవాళ్లు పేరు చెప్పి, మొహం చూపిస్తేనే సాక్ష్యమా?

పాతపుస్తకం:
సూటిగా చెప్తా, తిట్టుకుంటే తిట్టుకోండి. రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్ సైన్యం కొరియా ఆడవాళ్లని లైంగిక బానిసలుగా పెట్టుకున్న క్యాంపుల సంగతి ఎత్తితే అదంతా ప్రైవేటు వాళ్ల పని, మాకేం సంబంధం అని అక్కడి గవర్నమెంటు 1990లో కూడా దులిపేసుకుంది. 1991 ఆగస్టు 14న సియోల్‌లో ఆ బాధితుల్లో ఒకావిడ, కిమ్ హాక్ సున్, సొంత పేరుతో కెమెరాల ముందుకొచ్చింది. 93కల్లా సైన్యం చెయ్యి ఉందని వాళ్లే ఒప్పుకున్నారు. మొహం లేని మాటకి బరువుండదండీ.

నీలిగోరింట:
ఆవిడ తనంతట తాను వచ్చింది, అది వేరు. 1992లో ఢాకాలో గణ అదాలత్ అని ప్రజాకోర్టు పెట్టి, 71 బంగ్లాదేశ్ యుద్ధంలో చెరచబడ్డ ముగ్గురు ఆడవాళ్లని కుష్టియా నుంచి తీసుకొచ్చారు, పేపర్లలో ఫొటోలు పడ్డాయి, సభ ముగిసింది, పెద్దమనుషులు ఎవరి దారిన వాళ్లు పోయారు, ఊళ్లో సూటిపోటి మాటలు పడింది మాత్రం వీళ్లు. వీరాంగనలని బిరుదిచ్చిన ఆ దేశమే వాళ్లని ముక్తియోధులుగా, అంటే స్వాతంత్ర్య యోధులుగా, గుర్తించడానికి 2015 దాకా పట్టింది. బరువు ఎవరి నెత్తిన పడిందో చూశారా?

లా_చదివినోడు:
అసలు కోర్టుకి పేరుతో పనేంటి? 1994 రువాండా మారణకాండ మీద పెట్టిన అంతర్జాతీయ ట్రిబ్యునల్లో అకయేసు అనే మేయర్ మీద మొదటి ఛార్జిషీట్లో రేప్ ఊసే లేదు. రికార్డులో ‘జె’ అనే అక్షరం తప్ప పేరు లేని ఒక సాక్షి, ఏదో చెప్తూ చెప్తూ తన ఆరేళ్ల కూతురికి జరిగింది బయటపెట్టింది. 1997లో ఛార్జిషీట్ మార్చారు, 98లో రేప్ కూడా జాతి నిర్మూలనే కావచ్చని తీర్పొచ్చింది.

పాతపుస్తకం:
కోర్టు ఉన్నచోట సరే బాబూ. లేనిచోట? కొరియా అవ్వలు 1992 నుంచి బుధవారం బుధవారం జపాన్ ఎంబసీ ముందు నిలబడింది కోర్టుల్లో పని జరక్కేగా.

నీలిగోరింట:
గ్వాటెమాలా చూడండి మరి. అంతర్యుద్ధం రోజుల్లో సెపూర్ సార్కో అనే ఊళ్లో భూమి పట్టాలు అడిగిన మగవాళ్లని సైన్యం మాయం చేసి, వాళ్ల భార్యల్ని క్యాంపులో వంతులవారీగా వంటకీ బట్టలుతకడానికీ రప్పించుకుని చెరిచింది. 2016లో ఆ కెక్చీ తెగ ముసలమ్మలు మొహం కనపడకుండా తలమీంచి శాలువాలు కప్పుకుని కోర్టులో కూర్చున్నారు, 2012లో రికార్డు చేసిన వాళ్ల మాటలే వీడియోలో వేశారు, మళ్లీ మళ్లీ చెప్పించకుండా. ఇద్దరు నిందితులకి 120 ఏళ్లు, 240 ఏళ్లు శిక్ష పడింది. ఇంకెంత బరువు కావాలి?

పాతపుస్తకం:
శాలువా కప్పుకున్నా వాళ్లెవరో ఊరందరికీ తెలుసమ్మా.

నీలిగోరింట:
తెలిస్తే తెలియనీండి. శాలువా ఎప్పుడు తియ్యాలో వాళ్లిష్టం, మీదీ నాదీ కాదు.