సమస్యాపూరణం: "ఆరు మూడు గలియ నగును రెండె"

నిర్వాహకులు: ఇచ్చినది ఆటవెలది పద్యపు చివరి పాదం. ముందు మూడు పాదాలు రాసి దానికి అర్థం కుదర్చాలి. విషయం తొట్టి, కుళాయి, తూము లెక్కలు. అంకెలు కుదరని పూరణ ఎంత అందంగా ఉన్నా చెల్లదు. పాదం అచ్చుతో మొదలైంది కాబట్టి మూడో పాదం చివర విసంధికి (సంధి చేయకుండా వదలడానికి) మినహాయింపు ఉంది. యతికి (పాదం మొదటి అక్షరానికి నాలుగో గణం మొదటి అక్షరంతో కుదరాల్సిన పొత్తుకు) లేదు.

పూరణ 1

ఒకటి యారు గంట లొక్కటి మూడింట
నింపు తొట్టి, రెంట నీరు వదల,
గంట లెన్ని యనుచు గణియింప లెక్కలో
ఆరు మూడు గలియ నగును రెండె

సమీక్ష: యతులన్నీ సరి. మొదటి కుళాయి గంటకు తొట్టిలో ఆరోవంతు, రెండోది మూడోవంతు నింపుతాయి. 1/6 + 1/3 = 1/2. గంటకు సగం నిండితే మొత్తానికి రెండు గంటలు. "నింపు తొట్టి" ఒక్క మాటగా వినిపించే ప్రమాదముంది. తిప్పి "తొట్టి నింపు" అంటే 'నీ'తో యతి చెడుతుంది, కాబట్టి చదివేటప్పుడు అక్కడ ఆగాల్సిందే.

పూరణ 2

నిండు తొట్టి నుండి నీటిని దొలగించు
రెండు తూములుండ, రిక్తపఱుప
వేగములను గూర్ప వెలువడు కాలమే
ఆరు మూడు గలియ నగును రెండె

సమీక్ష: "వేగములను గూర్ప" అన్నది ఈ లెక్కలకు ప్రాణం. కాలాలను కూడరాదు, వేగాలనే కూడాలి. కానీ ఏ తూముకు ఎన్ని గంటలో పద్యంలో లేదు, భారమంతా సమస్య పాదం మీదే వేశారు.

పూరణ 3

ఆరు పాళ్లు తొట్టి యనుకొన్న, గంటలో
ఒకటి యొక్కపాలు, నొకటి రెండు;
కలుప మూడు పాళ్లు; కాబట్టి భాగింప
ఆరు మూడు గలియ నగును రెండె

సమీక్ష: కసాగు (కనిష్ఠ సామాన్య గుణిజం) పద్ధతిని పద్యంలో ఇమిడ్చారు, మెచ్చుకోవాలి. భిన్నాలంటే భయపడేవాళ్లకు ఇదే సులువు. 6, 3ల కసాగు 6ను తొట్టి పరిమాణంగా తీసుకుంటే వేగాలు 1, 2 అని పూర్ణాంకాలుగా వస్తాయి. అయితే చిక్కొకటుంది. ఇక్కడ ఆరు తొట్టి పరిమాణం, మూడు ఉమ్మడి వేగం. ఆరును మూడుతో భాగించారు గాని కలపలేదు. "గలియ" అన్న క్రియకు పని లేకుండా పోయింది.

పూరణ 4

ఆరు గంటలందు నదె నిండు తొట్టిలో
మూడు గంట లూడ్చు తూము నుండ,
రెంటి దెరచి యుంచ రిత్తయౌ తొట్టియే
ఆరు మూడు గలియ నగును రెండె

సమీక్ష: రెండో పాదంలో మూ–తూ యతి కుదరదు. ప్రాసయతి (రెండో అక్షరాల పొత్తు) అందామన్నా డ–మ కలవవు. "మూడు గంట లూడ్చు మురుగు తూము" అంటే సరిపోతుంది. లెక్క మాత్రం అంత తేలిగ్గా దిద్దుబాటు కాదు. ఒకటి నింపేది, ఒకటి తీసేది. 1/6 − 1/3 = −1/6. రుణ గుర్తు వచ్చిందంటే నీరు తరుగుతోందని అర్థం. నిండు తొట్టి ఖాళీ కావడానికి ఆరు గంటలు పడుతుంది, రెండు కాదు.

సభ్యుల ప్రశ్న: ఖాళీ తొట్టిలో ముందు కుళాయి విప్పి, తూము ఆలస్యంగా తీస్తే?

సమీక్ష: దశలుగా విడగొట్టండి. నాలుగు గంటలు కుళాయి ఒక్కటే పనిచేస్తే 4/6 నిండుతుంది. ఆపై తూము తీస్తే గంటకు 1/6 చొప్పున తగ్గి మరో నాలుగు గంటలకు అడుగంటుతుంది. ఈ రెండు దశలను ఒకే సమీకరణంలో కుక్కబోయినవాళ్లే ఎక్కువగా తప్పుతారు.

పూరణ 5

మూడు గంటలయ్యె ముట్టగా నంచును
చిల్లు గలుగు తొట్టి, చిల్లె యారు
గంటలందు దీయు, గండి మూసిన నింక
ఆరు మూడు గలియ నగును రెండె

సమీక్ష: భేష్! చిల్లు తీసేస్తుంటే 'గలియ' ఎలా అని మొదట అనుమానం కలుగుతుంది. కుళాయి వేగం లోంచి 1/6 పోగా మిగిలింది 1/3. అంటే కుళాయి అసలు వేగం 1/3 + 1/6 = 1/2, చిల్లు మూస్తే రెండు గంటలు. తీసివేత సమీకరణానికి అవతలి వైపు వెళ్లి కూడిక అయింది. ఈ వారం మేటి పూరణ ఇదే. నిజం తొట్టిలో నీటిమట్టం తగ్గేకొద్దీ చిల్లు ధార కూడా నెమ్మదిస్తుంది. లెక్కల కోసం దాన్ని స్థిరమనుకుంటాం.

మరో సభ్యుని చేర్పు: గంటల లబ్ధాన్ని వాటి మొత్తంతో భాగించే సూత్రం (18/9 = 2) రెండు కుళాయిలకే పనికొస్తుంది. 6, 3, 2 గంటల కుళాయిలు మూడుంటే 36/11 వస్తుంది. అది రెండు గంటల కుళాయి ఒంటరిగా తీసుకునే కాలం కన్నా ఎక్కువ! అసలు జవాబు ఒక గంట. 1150 నాటి భాస్కరాచార్యుని గణిత గ్రంథం లీలావతిలో నాలుగు ధారల లెక్క ఉంది. రోజు, అరరోజు, మూడోవంతు, ఆరోవంతు రోజుల్లో విడివిడిగా నింపుతాయి. 1 + 2 + 3 + 6 = 12 కాబట్టి రోజులో పన్నెండోవంతు. అదీ రెండు గంటలే.

నిర్వాహకులు: వచ్చే సమస్య: "నింపుచున్న తొట్టి నిండదాయె". రాక, పోక సమానమన్న పూరణలు కుప్పలుగా వస్తాయి. చిల్లు సగం ఎత్తులో ఉంటే ఏమవుతుందో కూడా ఆలోచించండి.