మాటల్లేని సీన్‌కి బీజీఎం ఎలా?

కృష్ణలంక కెమెరా:
సత్యనారాయణపురంలో ఓ పాత ఇంట్లో షార్ట్ ఫిల్మ్ తీశాం. రాత్రిపూట పెద్దాయన వాకిట్లో ఒక్కడే కూర్చుని కొడుకు ఫోన్ కోసం చూస్తుంటాడు. రెండు నిమిషాలు మాటే లేదు. ఫ్లూటూ వయొలిన్లూ వేస్తే టీవీ సీరియల్‌లా ఉందని మావాళ్లే నవ్వారు. ట్యూన్ లేకుండా ఆ టెన్షన్ ఎలా తేవాలి? లొకేషన్ ఆడియోలో ఎదురుగా ఉన్న ట్రాన్స్‌ఫార్మర్ గుయ్‌మంటూనే ఉంది, దాన్ని నాయిస్ రిడక్షన్‌తో లేపేశాను.

గుంటూరు ఆర్ఆర్:
ముందు ఆ ట్రాన్స్‌ఫార్మర్‌ని వెనక్కి తెచ్చుకోండి. మీ బీజీఎం అదేనండీ.

మన కరెంటు 50 హెర్ట్జ్, ట్రాన్స్‌ఫార్మర్ మోత దానికి రెట్టింపు, 100. కీబోర్డు మీద కింది జీ స్వరం 98 హెర్ట్జ్. అంటే ఆ వీధి రాత్రంతా ఐదు శ్రుతికి కాస్త పైన మోగుతూనే ఉంది. ప్యాడ్ (సింథ్‌లో ఆగకుండా సాగే మెత్తటి సౌండ్) ఒకటి జీలో పెట్టి, 35 సెంట్లు (సెంటంటే కీబోర్డులో పక్కపక్క మెట్ల మధ్య దూరంలో నూరో వంతు) పైకి జరిపి, ఆ మోత కిందనుంచి మెల్లగా లేపండి. ఆయన ఫోన్ వైపు చూసినప్పుడు మాత్రం మొదలుపెట్టకండి, ‘ఇక్కడ బాధపడండి’ అని బోర్డు పెట్టినట్టుంటుంది. ఏ దోమనో కొట్టుకుంటున్నప్పుడు మొదలవ్వాలి. కాసేపయ్యాక ప్యాడ్‌ని ఐదు సెంట్లు దింపండి. రెండు శ్రుతులూ ఒరుసుకుని, మూడు నాలుగు సెకన్లకోసారి మోత ఉబ్బి తగ్గుతుంది. స్వరం మారదు, చూసేవాడికి మాత్రం కుర్చీలో కుదురుండదు.

2019లో వచ్చిన ‘చెర్నోబిల్’ సిరీస్‌కి సంగీత దర్శకురాలు హిల్దుర్ గుద్నదోత్తిర్ పట్టుకున్న దారి ఇలాంటిదే. లిథువేనియాలో మూతపడ్డ ఇగ్నాలినా అణు విద్యుత్ కేంద్రంలో సౌండ్లు రికార్డు చేయించి, వాటితోనూ తన గొంతుతోనూ స్కోరు కట్టింది.

రివర్బ్‌కి, అంటే గది ప్రతిధ్వనికి, కేథడ్రల్ ప్రీసెట్ వద్దు. సత్యనారాయణపురం వాకిట్లో చర్చి మోగితే ఎలా! ఆ ఇంట్లోనే బెలూన్ పేల్చి రికార్డు చేసుకోండి. ఆ ఫైల్‌ని కన్వల్యూషన్ రివర్బ్‌లో (రికార్డు చేసిన చోటి ప్రతిధ్వనిని వేరే సౌండ్‌కి అద్దే ప్లగిన్‌లో) వేస్తే మీ ప్యాడ్ ఆ గోడల మధ్యే మోగుతుంది.

బ్రాడీపేట బేస్:
అన్నా, జనం చూసేది ఫోన్లో. ఆ బుల్లి స్పీకర్లో 100 హెర్ట్జ్ ఎక్కడ వినబడుద్ది?

గుంటూరు ఆర్ఆర్:
నిజమే. అందుకే దాని రెట్లు 200, 300, 400 హెర్ట్జ్‌లని కూడా సన్నగా కలపాలి. కింది మోత వినబడకపోయినా చెవి దాన్ని ఊహించుకుంటుంది. మిక్స్ అయ్యాక హెడ్‌ఫోన్స్ తీసి ఫోన్లోనే ఒకసారి వినండి.

కృష్ణలంక కెమెరా:
ఒరిజినల్ ఫైల్ ఉంది, మోత తిరిగి పెట్టాను. మరి ఎక్కడ ఆపాలి? చివర్లో ఫోన్ మోగుతుంది.

గుంటూరు ఆర్ఆర్:
మోగడానికి ఒక్క సెకను ముందు ప్యాడ్ ఒక్కటే కట్ చేయండి, ఫేడ్ వద్దు. ట్రాన్స్‌ఫార్మర్‌ని మాత్రం ముట్టుకోకండి.